ఏపీ పక్కన గడి ఖాళీగా వదలకండి

‘రాష్ట్రాలు, రాజధానులు: మీ పిల్లల జీకే ఎంత?’ అనే మెసేజ్ కొన్నాళ్లుగా నా ఫోన్‌ని వదలడం లేదు. బెజవాడలో మా అపార్ట్‌మెంట్ గ్రూపులో వచ్చింది, పాత స్నేహితుల గ్రూపులో వచ్చింది. గుంటూరు బ్రాడీపేటలో హాస్టల్లో ఉండి గ్రూప్స్‌కి చదువుకుంటున్న మా మేనకోడలికి కూడా ఎవరో పంపారు. “ఇందులో ఉన్నట్టు రాస్తే మార్కులు పోతాయి కదా మావయ్యా?” అని ఫోన్ చేసింది. పోతాయి. అందుకే ఇది రాస్తున్నాను.

ఆ మెసేజ్ చెప్పేది ఇదీ. దేశంలో 29 రాష్ట్రాలు. ఒక్కో రాష్ట్రానికి ఒకే రాజధాని ఉండాలని రాజ్యాంగం చెబుతోంది. రాజధాని గుర్తు రాకపోతే ఆ రాష్ట్రంలో అన్నిటికన్నా పెద్ద ఊరు రాయాలి. అదీ తట్టకపోతే హైకోర్టు ఉన్న ఊరు రాయాలి. ఆంధ్రప్రదేశ్‌కి రాజధాని లేదు కాబట్టి ఆ గడి ఖాళీగా వదిలేయాలి, లేదంటే హైదరాబాద్ అని రాయాలి. నిమిషంలో 20 చెప్పలేని పిల్లలకు జ్ఞాపకశక్తి తక్కువ. కాబట్టి ఈ పట్టిక బట్టీ పట్టించాలి.

రాష్ట్రాలు 28. 2019 అక్టోబరు 31 నుంచీ అంతే.

ఒకే రాజధాని ఉండాలనే నియమం రాజ్యాంగంలో ఎక్కడా లేదు. ఉత్తరాఖండ్ డెహ్రాడూన్‌తో పాటు గైర్‌సైణ్‌ను 2020లో వేసవి రాజధానిగా ప్రకటించుకుంది. హిమాచల్‌కి సిమ్లా ఉన్నా ధర్మశాలను 2017లో రెండో రాజధాని అన్నారు. మహారాష్ట్ర శాసనసభ శీతాకాల సమావేశాలు నాగపూర్‌లో జరుగుతాయి. పెద్ద ఊరి సూత్రం నమ్ముకుంటే గుజరాత్‌కి అహ్మదాబాద్, నాగాలాండ్‌కి దిమాపూర్, పంజాబ్‌కి లుధియానా అని రాసి మూడు మార్కులు పోగొట్టుకుంటారు.

హైకోర్టు చిట్కా ఇంకా ఘోరం. మధ్యప్రదేశ్ హైకోర్టు జబల్‌పూర్‌లో, రాజస్థాన్‌ది జోధ్‌పూర్‌లో, ఛత్తీస్‌గఢ్‌ది బిలాస్‌పూర్‌లో, ఒడిశాది కటక్‌లో, కేరళది ఎర్నాకుళంలో, ఉత్తరప్రదేశ్‌ది ప్రయాగ్‌రాజ్‌లో, ఉత్తరాఖండ్‌ది నైనిటాల్‌లో ఉన్నాయి. ఇందులో ఒక్కటీ రాజధాని కాదు. గోవాకి సొంత హైకోర్టే లేదు, అది బొంబాయి హైకోర్టు పరిధిలోకి వస్తుంది. గుంటూరు వాళ్లు కూడా ఈ చిట్కాను ముందుకు పంపడం నాకు నిజంగా బాధగా ఉంది. 1953లో ఆంధ్ర రాష్ట్రానికి కర్నూలు రాజధాని అయింది, 1954లో హైకోర్టు గుంటూరులో పెట్టారు. రాజధాని, హైకోర్టులలో ఏది కావాలో రాయలసీమ కోరుకోవచ్చని 1937లోనే శ్రీబాగ్ ఒడంబడికలో రాసుకున్నారు. ఇది మన సొంత చరిత్ర. దీన్ని మరిచి పిల్లలకు ఆ చిట్కా ఎలా నేర్పుతున్నారు?

ఇక అసలు విషయం. ‘ఆంధ్రప్రదేశ్‌కి రాజధాని లేదు.’

ప్రకాశం బ్యారేజీ ఇవతల కూర్చుని ఈ మాట ఎలా పంపబుద్ధయింది? అటు పక్క అమరావతిలోని వెలగపూడిలో 2016 నుంచి సచివాలయం నడుస్తోంది. శాసనసభ అక్కడే. హైకోర్టు నేలపాడులో ఉంది. మన అపార్ట్‌మెంట్‌లోనే ఇద్దరు ముగ్గురు రోజూ పొద్దున బస్సెక్కి ఆ ఆఫీసులకు వెళ్లొస్తున్నారు. వాళ్లున్న గ్రూపులోనే రాజధాని లేదని పెట్టారు.

హైదరాబాద్ సంగతి మరీ అన్యాయం. 2014 విభజన చట్టం హైదరాబాద్‌ను ఉమ్మడి రాజధానిగా ఉంచింది పదేళ్లకు మించకుండా. ఆ గడువు 2024 జూన్ 2న అయిపోయింది. హైదరాబాద్ ఇప్పుడు ఒక్క తెలంగాణకే రాజధాని. ఈ జవాబుకి సగం మార్కు కూడా రాదు, నెగటివ్ మార్కులుంటే ఎదురు పోతుంది. అర మార్కు తేడాతో ఉద్యోగం చేజారిన పిల్లలు బ్రాడీపేట హాస్టళ్లలో ఉన్నారు. వాళ్ల చేతికి ఇలాంటి పట్టిక ఇవ్వడం తమాషా కాదు.

భవనాలు పూర్తి కాలేదంటారు. కర్నూల్లో ఆఫీసులు గుడారాల్లో నడిచాయి, అయినా 1956 దాకా ఆంధ్ర రాష్ట్రానికి రాజధాని కర్నూలే. గుజరాత్ 1960లో ఏర్పడితే గాంధీనగర్‌కి మారడానికి 1970 దాకా పట్టింది. భువనేశ్వర్‌కి 1948లో శంకుస్థాపన చేసి మెల్లగా కట్టుకున్నారు. కొత్త రాజధాని అంటే ఏళ్లు పడుతుంది. మన దగ్గర 29 ఊళ్ల రైతులు దాదాపు 33 వేల ఎకరాలు సమీకరణలో ఇచ్చారు. మందడం, తుళ్లూరు వాళ్లకు ఎదురుగా నిలబడి ‘గడి ఖాళీ’ అని చెప్పగలరా? గ్రూపులో చెప్పడం తేలిక.

ఒక్కటి ఒప్పుకుంటాను. ఈ అయోమయం ఎవరో పుట్టించిన అబద్ధం కాదు. 2020లో మూడు రాజధానుల చట్టం వచ్చింది, 2021 నవంబరులో దాన్ని వెనక్కి తీసుకున్నారు, 2022 మార్చిలో హైకోర్టు తీర్పు వచ్చింది. ఆ రోజుల్లో పదో తరగతి చదివిన పిల్లవాడు తడబడితే తప్పు వాడిది కాదు. కానీ తడబాటు వేరు, ‘లేదు’ అని తేల్చేయడం వేరు. జవాబు అమరావతి. పిల్లలకు అదే చెప్పండి.

నిమిషంలో 20 చెప్పలేకపోతే జ్ఞాపకశక్తి లేనట్టా? ఆ వాక్యం తీసేయండి. మన ఊళ్లో పిల్లలకు ఇప్పటికే వారం వారం పరీక్షలు, ర్యాంకులు, టెన్షన్. అన్నం దగ్గర కూడా టైమర్ పెట్టి అడిగే తల్లిదండ్రులకు ఈ మెసేజ్ ఇంకో సాకు ఇస్తోంది.

అయితే చివరి మాట మాత్రం సరైనదే. బట్టీ పట్టాలి. ఫోన్లో దొరుకుతుంది కదా, గుర్తెందుకు అనేవాళ్లతో నేను ఏకీభవించను. ఐజ్వాల్, ఇటానగర్, ఇంఫాల్ నోటికి వచ్చిన పిల్లవాడికి ఈశాన్య వార్త చదివినప్పుడు ఆ ఊరు ఎక్కడుందో తెలుస్తుంది. మ్యాప్ మీద వేలు పెట్టించి, రోజుకి నాలుగు చొప్పున చెప్పించండి. చండీగఢ్ దగ్గర ఆగి, అది పంజాబ్, హరియాణా రెండింటికీ రాజధాని అయి, తాను మాత్రం కేంద్రపాలిత ప్రాంతంగా ఎందుకుందో చెప్పండి. పుస్తకం కొనేటప్పుడు ముందు కేంద్రపాలిత ప్రాంతాల పేజీ తీయండి. దాద్రా నగర్ హవేలీ ఒక వరుసలో, డామన్ డయ్యూ ఇంకో వరుసలో విడిగా ఉంటే అది 2020 జనవరికి ముందటి పట్టిక. అండమాన్‌కి ఎదురుగా శ్రీ విజయపురం లేకుండా ఒట్టి పోర్ట్ బ్లెయిర్ ఉంటే 2024 సెప్టెంబరుకి ముందటిది. అలాంటిది కొనకండి.