అన్నల మీద దావాకు అన్నలే డబ్బివ్వాలా?

పుట్టింటి పొలంలో వాటా కోసం ఒక చెల్లెలు అన్నల మీద దావా వేయాలనుకుంటుంది. కూలికి వెళ్తే గానీ పూట గడవదు. పొలం అన్నల స్వాధీనంలో ఉంది కాబట్టి తన వాటా విలువను బట్టి కోర్టు ఫీజు కట్టాలి. కట్టలేనంటే, ఫీజు ముందే కట్టకుండా దావా నడిపే అనుమతి కోసం సివిల్ ప్రొసీజర్ కోడ్ (సివిల్ దావాలు నడిపే పద్ధతి చెప్పే చట్టం) ఆర్డర్ 33 కింద పిటిషన్ వేసుకోవాలి. కోర్టుల్లో ఇప్పటికీ దాన్ని పాపర్ పిటిషన్ అనే అంటారు. 1976 సవరణలో ‘పాపర్’ (బికారి) పోయి ‘ఇండిజెంట్ పర్సన్’ (నిరుపేద) వచ్చింది. పేదవాళ్ల మాట మీద అనుమానం మాత్రం పోలేదు.

ఆర్డర్ 33లో కొంత దయ ఉంది. దావాలో ఉన్న ఆస్తిని లెక్కలోకి తీసుకోరు. జప్తు చేయకూడని వంటపాత్రలు, పక్కబట్టలు, సేద్యపు పనిముట్లు, ఆచారం ప్రకారం స్త్రీ వదులుకోకూడని నగలు, అంటే మన దగ్గర పుస్తెలు, ఇవీ లెక్కలోకి రావు. ఇవి పోగా ఫీజు కట్టడానికి ‘తగిన స్తోమత’ ఉందా అన్నదే ప్రశ్న. ఆ మాటకు 2011లో సుప్రీంకోర్టు చెప్పిన అర్థంతోనే నా పేచీ. చేతిలో ఎంత ఉందన్నది ఒక్కటే కాదు, న్యాయమైన మార్గంలో డబ్బు సమకూర్చుకోగల శక్తి ఉందా అన్నదీ చూడాలంది. ఉద్యోగం, పెన్షన్, అమ్ముకోగల ఆస్తి, అప్పులతో పాటు కుటుంబ సభ్యులు, దగ్గరి స్నేహితుల నుంచి అందే సాయాన్నీ ఆ లెక్కలో చేర్చింది.

మన చెల్లెలి కేసులో ఆ కుటుంబం ఎవరు? ఆమె దావా వేస్తున్న అన్నలే. భర్త తరఫు వాళ్లు సాయం చేస్తే అది వాళ్ల మంచితనం, ఆమె ఆస్తి కాదు. ఎన్టీఆర్ హయాంలో, 2005 కేంద్ర సవరణకు చాలా ముందే, ఉమ్మడి ఆస్తిలో ఆడపిల్లకు వాటా ఇచ్చిన నేల ఇది. ఆ హక్కు కోసం కోర్టు మెట్లెక్కిన ఆడమనిషిని నీకు అప్పు పుట్టదా అని బోనులో నిలబెట్టి అడగడం నాకు మింగుడుపడదు.

పైగా ఆమె పేదరికం మీద విచారణకు ఎదుటి పక్షంతో పాటు ప్రభుత్వ ప్లీడరుకూ నోటీసు వెళ్తుంది. ఫీజు రావాల్సింది ప్రభుత్వానికి. ఆస్తుల వివరాలకు చాలాసార్లు ఆధారం రెవెన్యూ వాళ్ల రిపోర్టే. భూమి తగాదాలో తహశీల్దారే ప్రతివాది అయితే? ఇదంతా తేలి అనుమతి వచ్చేదాకా దావాకు నంబరు పడదు, అంటే దావా నమోదే కాదు.

ఉన్నవాళ్లు లేనట్టు నటించి తప్పుడు దావాలు వేస్తారని లాయర్లు అంటారు. వేసేవాళ్లు ఉన్నారు. అందుకే ఇచ్చిన అనుమతిని రద్దు చేసే అధికారం రూల్ 9లో ఉంది. పైగా ఇది మాఫీ కాదు, వాయిదా. గెలిస్తే ఆ ఫీజు దావా ఆస్తి మీద మొదటి బాకీ, ఓడితే వాది దగ్గరే వసూలు చేయమని కోర్టు ఆదేశిస్తుంది. ప్రభుత్వానికి పోయేదేముంది?

రేషన్ కార్డు కావాలన్నా, పింఛను కావాలన్నా, ఆదాయ సర్టిఫికెట్ కావాలన్నా పేదవాడు ముందు తాను అబద్ధాలకోరు కాదని నిరూపించుకోవాలి. ఆఫీసుల్లో ఉన్న ఈ జబ్బు న్యాయస్థానంలోనూ ఉండడమే బాధ.

దీనికి మందు ఆ కోర్టు ఆవరణలోనే ఉంది. 1987 నాటి న్యాయ సేవల చట్టం సెక్షన్ 12 ప్రకారం మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, వికలాంగుల వంటివారికి ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం అందాలి. మిగతావాళ్ల ఆదాయానికి, అనుమానించే కారణం లేకపోతే, అఫిడవిట్ చాలని సెక్షన్ 13 అంటోంది. అదే పద్ధతిని ఆర్డర్ 33లోకి తేవాలి. సెక్షన్ 12 పరిధిలోని వాళ్లను స్తోమత అడగకూడదు. మిగతావాళ్ల ప్రమాణపత్రాన్ని నమ్మి దావాకు వెంటనే నంబరు ఇవ్వాలి, అబద్ధమని తేలితే అనుమతి రద్దు చేయాలి. పార్లమెంటు కోసం ఎదురుచూడక్కర్లేదు. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్లను రాష్ట్ర ప్రభుత్వ ఆమోదంతో సవరించుకునే అధికారం సెక్షన్ 122 కింద హైకోర్టులకే ఉంది. అమరావతిలో ఒక హైకోర్టు, హైదరాబాద్‌లో ఒక హైకోర్టు ఉన్నాయి. ఎవరు ముందు చేసినా మన చెల్లెలికి మేలే.