నాలుగు చేతులు, ఒక గద్వాల చీర

వియన్నాలో పియానో చదువుతున్న మా పక్కింటి పిల్లగాడి ప్రేమ కేసులో అసలు ముద్దాయి ఫ్రాంజ్ షూబర్ట్ అనే స్వరకర్త అని నేను తేల్చాను. ఆయన 1828లోనే, 31 ఏళ్లకే పోయాడు కాబట్టి నల్లగొండ క్లాక్ టవర్ కింద నిలబెట్టి అడిగే వీల్లేదు.

చనిపోయిన ఏడాదే ఎఫ్ మైనర్‌లో ఫాంటసియా అనే పియానో రచన ఒకటి రాసి మరీ పోయాడు. ఒకటే పియానో, ఇద్దరు మనుషులు, నాలుగు చేతులు. శిష్యురాలు కరోలీన్ ఎస్టర్‌హాజీకి అంకితం. గురువుగారికి ఆమె మీద మనసుందని అప్పట్లోనే గుసగుసలు. అంటే రోగం రాతలోనే ఉంది.

ఆ పాటలో మనవాడిది కింది స్థాయి స్వరాలు, పై స్థాయివి ఒక ఆస్ట్రియా అమ్మాయివి. ఆమె ఎడమ చిటికెన వేలు, వీడి కుడి చిటికెన వేలు పక్కపక్కనే. దాదాపు 20 నిమిషాల పాట. రోజూ ప్రాక్టీస్. మన దగ్గర చిటికెన వేలు పట్టిస్తే ఏడడుగులు వేయించి గానీ వదలం!

దానికి తోడు ఒకరోజు ఆ పిల్ల 'ఇష్ హాబ్ దిష్ లీబ్' అన్నది. ఫోన్ దాన్ని 'ప్రేమిస్తున్నాను' అని తర్జుమా చేసింది. జర్మన్‌లో ఆ మాట అమ్మతోనూ అంటారు, స్నేహితులతోనూ అంటారు. ఆటో అతన్ని మనం అన్నా అంటాం, ఆస్తిలో వాటా రాసిస్తున్నామా?

అక్కడ రాత్రి ఎనిమిదంటే చలికాలంలో మనకు పన్నెండున్నర. వాడు ఫోన్ చేసి ఈ సంగతి చెబితే, సగం నిద్రలో వాళ్లమ్మకు వినపడింది 'పిల్ల', 'వేలు', 'ప్రేమ'. తెల్లారేసరికి వీధంతా తెలిసింది. పానగల్ ఛాయా సోమేశ్వరుడి గుడిలో పొద్దంతా కనబడే నీడ ఏ స్తంభానిదో చూసి చెప్పలేం గానీ, సంబంధాలు మాత్రం ఇట్టే తేలుస్తాం.

తీరా వాడు ధైర్యం చేసి అడిగితే, ఆమె మనసు చెల్లో అనే తంత్రీవాద్యం వాయించే కుర్రాడి మీదుందట. వీడి పక్కన కూర్చున్నది పరీక్ష కోసమట. ఇంట్లో చెబుదామనుకునేలోపే గద్వాల చీర కొరియర్ ఎక్కింది.

మొన్న ఫొటో వచ్చింది. దుమ్ము పడకుండా చీరను పియానో మీద కప్పారు, జరీ అంచు ముందుకు కనబడేటట్టు.

వాళ్లమ్మ నాకు ఫోన్ చూపించి, "చూసినవా వదినా, అప్పుడే ఇల్లు సదురుకుంటున్నది" అన్నది.