గుమ్మెట మోత ప్యాడ్‌లో వస్తుందా?
జానపద బాణీలను సినిమా సంగీత దర్శకులు ఎలా వాడుకున్నారో మీ వ్యాసంలో బాగా రాశారు. కానీ మాస్టర్ వేణు దగ్గరే ఆగి, పాటల రచయిత కొసరాజు గారిని వదిలేశారేంటండీ? 'రోజులు మారాయి' (1955)లో జిక్కి పాడిన 'ఏరువాకా సాగారో' రాసింది మా ఉమ్మడి గుంటూరు జిల్లా అప్పాపురం మనిషైన ఆయనే. (వహీదా రెహమాన్ డ్యాన్స్ మాత్రం అందరికీ గుర్తే!) ఆ వరస 1960లో ఎస్.డి. బర్మన్ చేతిలో హిందీకీ వెళ్లింది.

ఇక ఇప్పటి సంగతి. పోయిన దసరాకి మా వీధి పందిట్లో బుర్రకథ పెట్టారు. వంతలు (కథకుడికి అటూ ఇటూ నిలబడి వంత పాడేవాళ్లు) వాయించే గుమ్మెట అనే వాద్యం బదులు ఎలక్ట్రానిక్ ప్యాడ్! ఒక చేత్తో తోలు మీద కొడుతూ, రెండో చేత్తో వెనక మూతి మూసి తెరుస్తుంటే వచ్చే ఆ 'గుమ్' ఏదీ? వంతలిద్దరూ ఉత్త చేతులతో నిలబడి 'తందాన తాన' అంటుంటే మా నాన్న లేచి ఇంటికెళ్లిపోయారు.