మూడు ఫ్రేముల జాగా కూడా లేదా?

ఫోన్లొచ్చాక పేపర్లో కామిక్ స్ట్రిప్పులు, అంటే వరసగా మూడు నాలుగు ఫ్రేముల్లో సాగే బొమ్మల కథలు, ఎవరు చూస్తారండీ అనేవాళ్లతో నాకు పేచీ ఉంది. అసలు మన తెలుగు దినపత్రికలు స్ట్రిప్పుని ఎప్పుడు పెంచి పోషించాయని, ఇప్పుడు పోయిందని ఏడవడానికి?

కార్టూన్లకేం, కొదవ లేదు. 1974లో మన విశాఖలోనే పుట్టిన ఈనాడులో శ్రీధర్ గారి ‘ఇదీ సంగతి’ కోసం ముందు పేజీ తిరగేసినవాళ్లు ఎంతమందో. 2021లో ఆయన బయటికొచ్చేస్తే ఇంట్లో మనిషి వెళ్లిపోయినట్టు బాధపడ్డారు. కానీ పొలిటికల్ కార్టూన్‌కి నిన్నటి వార్త ఉంటే చాలు. స్ట్రిప్పుకి రోజూ కనబడే మనిషి కావాలి. బుడుగులాంటివాణ్ని కన్న భాష మనది, వాడికి తమ్ముణ్ని రోజూ పేపర్లో చూసుకునే యోగం మాత్రం లేకపోయింది.

అమెరికాలో షుల్జ్ అనే కార్టూనిస్టు 1950 నుంచి 2000 దాకా ‘పీనట్స్’ అనే స్ట్రిప్పులో చార్లీ బ్రౌన్ అనే పిల్లాణ్ని ఒంటిచేత్తో గీశాడు. ఆయన పోయిన మర్నాడే ఆఖరి ఆదివారం స్ట్రిప్పు అచ్చయింది. అది 75 దేశాల్లో 2,600 పేపర్లలో వచ్చేది. కిటుకంతా ఇక్కడే ఉంది: సిండికేట్, అంటే పేపర్లకి స్ట్రిప్పులు అమ్మిపెట్టే కంపెనీ, ఒకే బొమ్మని వేల పేపర్లకి అమ్మగలదు కాబట్టి చవగ్గా ఇవ్వగలదు. మన ఆర్టిస్టుకి ఒక్క పేపరే మొత్తం డబ్బు పెట్టాలి. అందుకే విశాఖలో ఇంగ్లిష్ పేపరు తెప్పించుకునే ఇళ్లలో పిల్లలకి అమెరికా స్ట్రిప్పులో పిల్లి గార్ఫీల్డ్ తెలుసు, పూర్ణా మార్కెట్లో చేప తలకాయ కోసం కాచుక్కూచునే పిల్లి బొమ్మల్లోకి ఎక్కనే లేదు.

జాగా గొడవ అక్కడా ఉందనుకోండి. ‘కాల్విన్ అండ్ హాబ్స్’ అనే స్ట్రిప్పుని గీసిన వాటర్సన్ 1992లో ఆదివారాలకి అరపేజీ ఇస్తేనే గీస్తానన్నాడు. ఎడిటర్లు సణుక్కున్నారు, ఇచ్చారు. 1995 చివర్లో ఆయనే చాలించుకున్నాడు.

మీమ్స్ ఉన్నాయిగా అంటారు. నిజమే, ఆ లెక్కన మన రోజువారీ స్ట్రిప్పు హీరో బ్రహ్మానందమే! అవే ముఖాలు, రోజుకో కొత్త మాట. నేనూ పడీపడీ నవ్వుతాను. కానీ చేసినవాడి పేరు ఎవరికీ తెలీదు, చేతికి పైసా రాదు. అలా ఎన్నేళ్లు చేస్తాడు?

నేనడిగేది పెద్దదేం కాదు. విశాఖ జిల్లా పేజీలో రోజూ మూడు ఫ్రేములు. ఆంధ్రా యూనివర్సిటీ ఫైన్ ఆర్ట్స్‌లో చదివిన పిల్లకో పిల్లాడికో జీతమిచ్చి అప్పగించండి. సింహాచలం బస్సులో కండక్టరమ్మనో, రైతుబజార్లో మామ్మనో పెట్టుకుని, “ఏటి సేస్తన్నావురా గుంటడా” అని మన యాసలోనే మాట్లాడించనివ్వండి. ఆ యాసని దిద్దే పని మాత్రం డెస్కువాళ్లు పెట్టుకోవద్దు. మొదటి మూణ్నెల్లూ ఎవరూ నవ్వకపోవచ్చు. ఆపెయ్యకండి.