నిషేధాల కన్నా ముందు మంచి దారి

ఆరుబయలుకు వెళ్లేదే కాసేపు ఎవరి అదుపూ లేకుండా తిరగడానికి. అక్కడా అడుగడుగునా 'ఇటు పోరాదు, అది ముట్టరాదు' అంటే చిరాకు పుట్టడం సహజం. అయితే నిబంధనలన్నిటినీ ఒకే గాటన కట్టలేం. సందర్శకుణ్ణి అతడి దుడుకుతనం నుంచి కాపాడేది సలహాగా ఉంటే చాలు. నేలను, జంతువులను, పక్కవారిని కాపాడేది మాత్రం ఆజ్ఞగానే ఉండాలన్నది మా అభిప్రాయం.

కొండ మీద మెలికలు తిరిగే కాలిబాటనే చూడండి. ఏటవాలు తగ్గించి, వాన నీటి జోరును విరవడానికే ఆ మెలికలు. వాటిని కోసుకుంటూ నిట్టనిలువునా దిగినవారు ఆదా చేసుకునేది ఒకటి రెండు నిమిషాలు. వారి కాళ్ల కింద మట్టి గట్టిపడి నీరు ఇంకడం మానేస్తుంది. వర్షం ఆ గీతనే పట్టుకుని కిందికి దూకి గాడి కోస్తుంది. గాడిలో నడవలేక జనం పక్కకు జరుగుతారు, అది ఇంకా వెడల్పవుతుంది. 'నేనొక్కణ్ణేగా' అన్న వాదనా ఇక్కడ చెల్లదు. తొక్కుడుకు తట్టుకోలేని పచ్చదనంలో ఎక్కువ నష్టం మొదటి కొద్ది నడకల్లోనే జరిగిపోతుంది. అందుకే రద్దీ చోట్ల అందరినీ ఒకే దారిన నడిపించాలి. బురద ఎదురైనా మధ్యలోంచే నడవాలి, బూట్లు పాడైనా సరే.

దీనికి జరిమానా ఒక్కటే మందు కాదు. అడ్డదారి పై కొసా, కింది కొసా కనబడకుండా కొమ్మలు, బండలు పేర్చాలి. గట్టిపడిన మట్టిని తవ్వి వదులు చేయాలి. నీరు నిలిచే చోట పక్కకు కాలువ తీయాలి. ఒక్క కొసనే మూస్తే రెండో కొస నుంచి జనం వస్తూనే ఉంటారు.

జంతువుల విషయమూ అంతే. అమెరికాలోని ఎల్లోస్టోన్ జాతీయ ఉద్యానంలో ఎలుగుబంట్లకు, తోడేళ్లకు, కూగర్ అనే పెద్ద అడవి పిల్లులకు 91 మీటర్లు, మిగతా జంతువులకు 23 మీటర్లు దూరం ఉండాలి. 2016లో అక్కడ ఒక అడవిదున్న పిల్లను చలికి వణుకుతోందని జాలిపడి సందర్శకులు కారులో ఎక్కించుకున్నారు. తర్వాత మంద దాన్ని చేరనివ్వలేదు, చివరికి అధికారులే చంపాల్సి వచ్చింది. జాలి కూడా జోక్యమే.

ప్రాణం నాది, ప్రమాదం నాదన్న మాటకు విలువ ఉంది, కానీ అన్నిచోట్లా కాదు. అమెరికాలోనే యోసెమిటీ జాతీయ ఉద్యానంలో హాఫ్ డోమ్ అనే నిటారు రాతికొండ ఎక్కడానికి పట్టుకునే ఉక్కు తీగల మీద ఒకరు భయపడి ఆగితే వెనకున్నవారంతా ఆగిపోతారు, ఉరుములు వచ్చినా త్వరగా దిగలేరు. 2010లో వారాంతాలకు మొదలైన పర్మిట్లను మరుసటి ఏడాది అన్ని రోజులకూ వర్తింపజేసి, ఆ తర్వాత రోజుకు 300 మందికి పరిమితం చేయడం అందుకే సబబు.

ఇక బోర్డుల రాత. అమెరికాలో అరిజోనా రాష్ట్రంలోని పెట్రిఫైడ్ ఫారెస్ట్ జాతీయ ఉద్యానంలో మనస్తత్వ శాస్త్రవేత్త రాబర్ట్ చాల్డీని బృందం ఒక ప్రయోగం చేసింది. శిలగా మారిన చెక్క ముక్కలను గతంలో చాలామంది పట్టుకుపోయారని వాపోయిన బోర్డు ఉన్నప్పుడు, దారిలో గుర్తు పెట్టి ఉంచిన ముక్కల్లో దాదాపు 8 శాతం మాయమయ్యాయి. దయచేసి తీసుకెళ్లవద్దని సూటిగా కోరినప్పుడు పోయినవి 2 శాతం లోపే. తప్పు చేసేవారు ఎందరో ఉన్నారని చాటడం, చేయనివారికి దారి చూపడమే.

నిర్వాహకులను మేము కోరేది రెండే. ప్రతి నిషేధం కింద దాని కారణం ఒక వాక్యంలో రాయండి. దారి మూసినప్పుడు మళ్లీ ఎప్పుడు తెరుస్తారో, అందాకా ఏ దారిన పోవాలో మూసిన చోటే చెప్పండి.