ఆ హాట్‌బాక్స్ నాకు రావాల్సింది

ఇప్పుడే మా అపార్ట్‌మెంట్ క్విజ్ నుంచి వచ్చా. ఇంకా చెప్పులు కూడా విప్పలేదు, ఒళ్లు మండిపోతోంది.

ప్రశ్న ఇదీ: "చాప్లిన్ కంటే ముందే యూరప్‌ని నవ్వించిన సినిమా కమెడియన్ ఒకరి పేరు చెప్పండి." ఒకరి! గుర్తుపెట్టుకోండి. నేను లేచి ఆంద్రే డీడ్ అన్నా. క్విజ్ పెట్టినాయన ఫోన్ చూసి, "సారీ అండీ, ఇక్కడ మాక్స్ లిండర్ అని ఉంది" అన్నాడు. వెనకనుంచి ఒకడు "సేల్ డీడా, గిఫ్ట్ డీడా?" అనడం, హాలంతా ఇకఇకలు.

లిండర్ గొప్పోడే, ఎవరు కాదన్నారు? కానీ డీడ్ 1906 నాటికే ఫ్రాన్స్‌లోని పాథే సినిమా కంపెనీలో బ్వారో అనే పాత్రలో పల్టీలు కొడుతున్నాడు. ట్రిక్ సినిమాలు తీసిన మెలియెస్ దగ్గర కెమెరా మాయలు చూసొచ్చినవాడు. 1909లో ఇటలీలోని టూరిన్‌లో తీసిన ఓ సినిమాలో ఆడవాళ్లంతా మోజుపడి వెంటపడి, ఇతన్ని చేతికి చెయ్యి, కాలికి కాలు పీకేస్తారు. వాళ్లు వెళ్లాక ఆ ముక్కలన్నీ వాటంతటవే అతుక్కుని మనిషి లేచి నిలబడతాడు! చాప్లిన్ అప్పటికింకా కెమెరా ముందుకే రాలేదు. డీడ్ 1921లో ఓ సినిమాలో రెండు మరమనుషుల చేత ఒపేరా హాల్లో కుస్తీ పట్టించాడు. ఆ సినిమాలో కొంత ముక్కే మిగిలింది, అదీ బ్రెజిల్‌లో దొరికిందట. ఇవన్నీ ఎవడిక్కావాలి, సేల్ డీడ్ జోకు పేలిందిగా!

అసలు పాపం ఆయన పేరే ఆయనకు దక్కలేదు. ఫ్రాన్స్‌లో బ్వారో, ఇటలీలో క్రెటినెట్టి, ఇంగ్లండ్‌లో ఫూల్స్‌హెడ్, స్పెయిన్‌లో తొరిబియో. ఊరుకో పేరు, ఇటలీ, ఇంగ్లండ్ పేర్లకైతే అర్థం వెర్రివాడనే! చివరికి పాథే వాళ్ల దగ్గరే వాచ్‌మన్‌గా చేశాడంటారు. 1940లో పోయాడు.

ఆ బాధ నాకు తెలుసు. పన్నెండేళ్లుగా బెంగళూరు ఆఫీసులో నన్ను ఇంటిపేరుతోనే పిలుస్తున్నారు. నన్ను పిలుస్తున్నారో, మా తాతను పిలుస్తున్నారో అర్థం కాదు. ఐడీ కార్డు మార్చమని మూడుసార్లు మెయిల్ పెట్టా. మూడోసారి "డియర్" అని మొదలుపెట్టి మళ్లీ ఇంటిపేరే రాశారు. హెచ్ఆర్ అంటే మనుషుల సంగతి చూసేదనుకున్నా!

ఇంతకీ హాట్‌బాక్స్ మూడో ఫ్లోర్ ఆయనకు వెళ్లింది. టేబుల్ కింద ఫోన్ పెట్టుకుని చూసి చెప్పాడు. నా కళ్లతో చూశా.