మట్టి కప్పితే నిప్పు చావదు

కంప కొట్టి, కొమ్మలు నరికి కుప్ప వేసుకున్నవాళ్ల ఫోన్లలో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది. "కంపంతా ఒకే పెద్ద కుప్పగా వేయండి. పచ్చిగా ఉన్నా పర్లేదు, కాస్త పెట్రోలు పోస్తే అంటుకుంటుంది. గాలి పడిపోయాక రాత్రిపూట ముట్టించండి. మంట తగ్గగానే మట్టి కప్పేస్తే నిప్పు చచ్చిపోతుంది, నిశ్చింతగా పడుకోవచ్చు. బూడిద నేలకు మంచి ఎరువు." నాకే నలుగురు పంపారు, నలుగురూ నా మేలు కోరేవాళ్లే. అయినా దీన్ని ఇలాగే వదిలేయలేను. ఇందులో ఒక సలహాను నేనూ పాటించాను, మూడో రోజు గట్టు మీద మంటలు చూశాను.

ముందు పెట్రోలు సంగతి. అంటుకునేది పెట్రోలు కాదు, దాని ఆవిరి. గడ్డకట్టే చలిలో కూడా ఆ ఆవిరి వస్తూనే ఉంటుంది. అది గాలికంటే మూడు నాలుగు రెట్లు బరువు కాబట్టి పైకి పోదు. కుప్ప సందుల్లో నిండి, నేల మీద పాకుతూ మన కాళ్ల దాకా వస్తుంది. డబ్బా మూత బిగించి అగ్గిపెట్టె తీసేసరికి మనం ఆ ఆవిరి మధ్యలోనే నిలబడి ఉంటాం. అప్పుడు పుల్ల గీస్తే కుప్ప అంటుకోవడం కాదు, ఒక్కసారిగా భగ్గుమని పేలుతుంది. మంట మందగించిందని మళ్లీ పోయడం ఇంకా ప్రమాదం, ధార వెంట మంట డబ్బా దాకా ఎక్కి వస్తుంది.

అసలు పెట్రోలు అవసరం ఎందుకొచ్చింది? కంప పచ్చిగా ఉండబట్టి. అప్పుడే నరికిన కొమ్మ బరువులో దాదాపు సగం నీళ్లే. పెట్రోలు పైపైన కాలిపోతుంది, లోపలి కొమ్మ మాత్రం నీళ్లు ఇంకేదాకా పొగ కక్కుతూ ఉంటుంది. కొన్ని నెలలు ఎండనివ్వండి. పుల్ల వంచి చూస్తే తెలిసిపోతుంది: వంగితే పచ్చి, టప్పున విరిగితే ఎండినట్టు. కుప్ప నడినెత్తిన సన్న పుల్లలు పెట్టి, ముట్టించే రోజు దాకా పట్టా కప్పి ఉంచితే చాలు, వాటికి నూనె చుక్క అక్కర్లేదు. పైనుంచి ముట్టిస్తే పొగ కూడా తగ్గుతుంది, ఎందుకంటే కింద పుట్టిన పొగ పైనున్న మంటలోంచి పోతూ అక్కడే కాలిపోతుంది.

ఒకే పెద్ద కుప్ప మాట కూడా తప్పే. కుప్ప ఎంత పెద్దదైతే సెగ అంత బలంగా లేచి, నిప్పురవ్వల్ని అంత పైకి, అంత దూరం మోసుకుపోతుంది. మనం దగ్గరికే వెళ్లలేనప్పుడు ఇక అదుపు ఎక్కడిది? చిన్న మంట పెట్టుకుని కొంచెం కొంచెంగా వేసుకుంటూ పోవాలి. చుట్టూ కనీసం 3 మీటర్లు గడ్డిపరక లేకుండా నేల చెక్కాలి. పైన కరెంటు తీగలు, కొమ్మలు ఉండకూడదు. నెలల తరబడి పడి ఉన్న పాత కుప్పైతే అందులో పాములు, కుందేళ్లు, పిట్టగూళ్లు ఉంటాయి. కాల్చే రోజే దాన్ని విప్పి పక్కకు మార్చి కాల్చండి. మూగజీవాలు మంటలో చిక్కుకోవడం ఒక్కసారి చూస్తే ఈ మాట ఎవరూ చెప్పనక్కర్లేదు.

రాత్రిపూట గాలి తగ్గుతుందన్నది చాలావరకు నిజమే. కానీ రాత్రి నేల చల్లబడి, దాన్ని ఆనుకున్న గాలీ చల్లబడి బరువెక్కుతుంది. పొగ పైకి లేవలేక ఇళ్ల మీద, రోడ్డు మీద దుప్పటిలా పరుచుకుంటుంది. ఉదయం మంచు విడిచాక మొదలుపెడితే పొగ పైకి పోతుంది, మధ్యాహ్నపు గాలి లేచేలోపు పెద్ద మంట అయిపోతుంది, ఆర్పడానికి పగలంతా మిగిలి ఉంటుంది.

ఇక మట్టి. బొగ్గుల బట్టీ వేసేవాళ్లు కట్టెల మీద మట్టి కప్పేది నిప్పు చావాలని కాదు, చావకుండా రోజుల తరబడి లోలోపల నిదానంగా కాగాలని. కుప్ప మీద మట్టి పోస్తే మనం చేసేదీ అదే. వేడి బయటికి పోదు, సందుల్లోంచి కాస్త గాలి అందుతూనే ఉంటుంది. నివురుగప్పిన నిప్పు అని మాటవరసకు అంటాం కదా, ఇక్కడ అది అక్షరాలా నిజం.

నేనూ అలాగే కప్పి ఇంటికి వచ్చేశాను. మర్నాడు చెయ్యి పెట్టి చూస్తే పైమట్టి చల్లగా ఉంది. కుప్ప కింద పాత చెట్టు మొదలు ఒకటి ఉందని, దాని వేరు పట్టుకుని నిప్పు గట్టు వైపు నడుస్తోందని నాకేం తెలుసు? మూడో రోజు గాలి లేచింది, గట్టు మీద ఎండుగడ్డి అంటుకుంది. ఆర్పాక పారతో ఆ కుప్ప తిరగేశాను. పైన బూడిద రంగు, ఒక్క పార లోతున ఎర్రటి కణికలు. ఆరిపోయాయనుకున్న కుప్పలు వారాల తర్వాత మళ్లీ రాజుకున్న సందర్భాలూ ఉన్నాయి.

కాబట్టి కప్పడం కాదు, విప్పాలి. మొద్దుల్ని విడదీసి, కణికల్ని పలుచగా పరిచి నీళ్లు పోయాలి. ఆవిరి వేడిగా కొడుతుంది, కాస్త వెనక్కి నిలబడండి. పారతో కలియబెట్టి మళ్లీ పోయాలి. చుయ్యిమనే చప్పుడు ఆగేదాకా ఇదే పని. తర్వాత అరచేతి వెనకవైపు బూడిదకు దగ్గరగా పెట్టి చూడండి, కొంచెం సెగ తగిలినా పని మిగిలే ఉంది. మర్నాడు, ఆ మర్నాడు కూడా వెళ్లి చూడాలి. ఇంత నీళ్లు ముట్టించక ముందే పక్కన ఉండాలి.

బూడిద మాట సగం నిజం. అందులో పొటాషియం, కాల్షియం ఉంటాయి, నత్రజని మాత్రం దాదాపుగా గాలిలో కలిసిపోతుంది. బూడిదకు క్షారగుణం ఎక్కువ కాబట్టి ఇప్పటికే చౌడుబారిన నేలకు అది చేటు. మామూలు నేలలో కూడా పలుచగా చల్లాలి. రంగులేసిన చెక్క, చెదల మందు పట్టించిన చెక్క, ప్లాస్టిక్ అందులో కాలి ఉంటే ఆ బూడిద అసలు వాడొద్దు. గన్నేరు కొమ్మల్ని మంటలో వేయనే వేయొద్దు, ఆ పొగ కూడా విషమే.

ఆ మెసేజ్ కంపంతా కాల్చాల్సిందేనన్నట్టు మాట్లాడుతుంది. నేనిప్పుడు లావు మొద్దుల్ని ఇంటికి దూరంగా ఒక మూలన పేర్చి కుళ్లనిస్తున్నాను, సన్న రెమ్మల్ని తరిగి చెట్ల పాదుల్లో పరుస్తున్నాను. మంటకు మిగిలేది తెగులు పట్టిన కొమ్మలు, ముళ్లకంప మాత్రమే.